విభాగ న్యాయం: ఖ్వారిజ్మీ గణితంలో వారసుల హక్కు

మన పాఠశాలల బీజగణిత పుస్తకాలలో 'విభాగ న్యాయం' అనే మాట ఒకటి కనిపిస్తుంది. రెండు సంఖ్యల మొత్తాన్ని ఒక సంఖ్యతో గుణించవలసి వచ్చినప్పుడు, ఆ రెండింటినీ విడివిడిగా గుణించి కలిపినా ఫలితం ఒకటేనన్నది దాని సారాంశం. 'న్యాయం' అంటే ఇక్కడ సూత్రమని అర్థం. అయితే ఈ సూత్రం గతచరిత్రను వెదుకుతూ వెళ్ళేవారికి, ఆ పదానికి ఉన్న రెండవ అర్థం, అంటే ధర్మం అనే అర్థం కూడ దీనికి చక్కగా సరిపోతుందని తెలిసి వస్తుంది. బ్రాకెట్టులో ఉన్న ప్రతి పదానికీ దాని వంతు దానికి అందాలి. ఒకదానికి ఇచ్చి మరొకదాన్ని మరచిపోతే లెక్క తప్పుతుంది. ఆ లెక్క ఆస్తి పంపకానిదైతే, ఎవరో ఒకరి హక్కు పోతుంది.

పలాసలో ఒక లెక్క

కొంతకాలం క్రితం శ్రీకాకుళం జిల్లాలోని పలాస-కాశీబుగ్గ జంట పట్టణంలో బంధువుల ఇంట రెండు రోజులు ఉండవలసి వచ్చింది. ఎనిమిదవ తరగతి చదువుతున్న ఆ యింటి పిల్లవాడు నోటుపుస్తకం పట్టుకొని వచ్చి, "మామూ, ఈ లెక్కకు జవాబు సరిగా రావడం లేదు" అన్నాడు. తెలియని రాశిని 'యా' అనే అక్షరంతో సూచిస్తే ఆ లెక్క ఇది:

3(యా + 4) = 27

పిల్లవాడు బ్రాకెట్టు తీసివేసి 3యా + 4 = 27 అని వ్రాసుకున్నాడు. అందువల్ల 3యా = 23 అయింది. యా విలువ 7⅔ వచ్చింది. పుస్తకం వెనుక ఉన్న జవాబు 5.

నేను ఆ లెక్కను ఊరి భాషలోకి మార్చి చెప్పాను. పలాసలో జీడిపప్పు నిండుగా ఉంటే గుండ్లని, రెండుగా విడిపోతే బద్దలని అంటారు. మూడు డబ్బాలు ఉన్నాయి. ప్రతి డబ్బాలోనూ కొన్ని కిలోల గుండ్లు, వాటితో పాటు 4 కిలోల బద్దలు పోశారు. మూడు డబ్బాలలోని పప్పు మొత్తం 27 కిలోలు. అయితే డబ్బాకు గుండ్లు ఎన్ని కిలోలు?

పిల్లవాడు మళ్ళీ పాత పద్ధతిలోనే మొదలుపెట్టాడు. జీడిపప్పు ఒలిచే పనిలో చాలా ఏళ్ళు గడిపిన వాళ్ళ నాని పక్కనే కూర్చుని వింటున్నది. ఆమె బడి ముఖం చూడలేదు. మనుమడి వైపు చూసి, "ఏటిరా, డబ్బాలు మూడుంటే బద్దలు ఒక్కదాంట్లోనే పోసినావేటి?" అన్నది.

విభాగ న్యాయాన్ని ఇంతకన్నా సూటిగా చెప్పిన పాఠ్యపుస్తకాన్ని నేను చూడలేదు. మూడు డబ్బాలలోనూ బద్దలు ఉన్నాయి గనుక 3 × 4 = 12 కిలోల బద్దలు. అప్పుడు సమీకరణం 3యా + 12 = 27 అవుతుంది. 3యా = 15, యా = 5. సరిచూసుకుంటే, డబ్బాకు 5 + 4 = 9 కిలోలు, మూడు డబ్బాలకు 27 కిలోలు. లెక్క సరిపోయింది.

ఆ రాత్రి నాకు జ్ఞాపకం వచ్చినది దాదాపు పన్నెండు వందల సంవత్సరాల నాడు బగ్దాదులో వ్రాయబడిన ఒక గ్రంథం. అందులో ఇదే పొరపాటుకు తావున్న ఒక సమస్య ఉన్నది. అయితే అక్కడ డబ్బాలూ బద్దలూ లేవు. చనిపోయిన తండ్రి ఉన్నాడు, ఇద్దరు కొడుకులు ఉన్నారు, ఒక బాకీ ఉన్నది.

ప్రజల అవసరానికి వ్రాసిన గ్రంథం

ముహమ్మద్ ఇబ్ను మూసా అల్ ఖ్వారిజ్మీ అబ్బాసీ ఖలీఫా మామూన్ (క్రీ.శ. 813-833) కాలపు పండితుడు. అరల్ సముద్రానికి దక్షిణాన ఉన్న ఖ్వారిజ్మ్ ప్రాంతం పేరు ఆయన పేరులో నిలిచిపోయింది. బగ్దాదులోని 'బైతుల్ హిక్మా'తో ఆయనకు సంబంధం ఉండేది. మామూన్ పరిపాలనా కాలంలోనే ఆయన 'అల్ కితాబుల్ ముఖ్తసర్ ఫీ హిసాబిల్ జబ్ర్ వల్ ముఖాబలా' అనే గ్రంథాన్ని వ్రాశాడు. ఆ పేరులోని 'అల్ జబ్ర్' అనే మాట లాటిన్ భాష ద్వారా ఐరోపా అంతటా వ్యాపించి 'ఆల్జీబ్రా'గా మనకు తిరిగి వచ్చింది.

ఈ గ్రంథాన్ని ఎందుకు వ్రాశాడో గ్రంథకర్త ముందుమాటలోనే తెలియజేశాడు. వారసత్వాలు, వీలునామాలు, పంపకాలు, వ్యాజ్యాలు, వర్తకం, భూముల కొలత, కాలువల త్రవ్వకం మొదలైన వ్యవహారాలలో జనానికి నిత్యం అవసరపడే గణితాన్ని సులభంగా, క్లుప్తంగా అందించాలన్నది ఆయన సంకల్పం. గ్రంథంలో చిహ్నాలు లేవు, అక్షర సంకేతాలు లేవు. సంఖ్యలతో సహా అన్నీ మాటలలోనే ఉంటాయి. తెలియని రాశిని ఆయన 'షై' అన్నాడు. అంటే 'వస్తువు' లేదా 'ఏదో ఒకటి'. నేడు వాడే 'ఎక్స్' అనే గుర్తు ఈ 'షై' నుండే పుట్టిందని కొందరు గర్వంగా చెబుతుంటారు గాని, దానికి నమ్మదగిన ఆధారం లేదు. ఆ గుర్తును ప్రచారంలోకి తెచ్చినది 1637లో వెలువడిన ఫ్రెంచి పండితుడు దెకార్త్ గ్రంథం. ఖ్వారిజ్మీ గొప్పతనానికి ఇటువంటి కథల ఆసరా అవసరం లేదు.

'జబ్ర్' అంటే విరిగినదానిని అతకడం, లోటును పూడ్చడం. 'ముఖాబలా' అంటే ఎదురెదురుగా నిలిపి, రెండు వైపులా ఉన్న సమానమైన వాటిని కొట్టివేయడం. ఆయన ఇచ్చిన ఒక చిన్న ఉదాహరణ చూడండి. పదిని రెండు భాగాలు చేసి, ఒకదానిని మరొకదానితో భాగిస్తే 4 వచ్చింది. ఆ భాగాలు ఏవి? ఒక భాగం యా అనుకుంటే రెండవది 10 - యా. షరతు ప్రకారం 10 - యా = 4యా. ఎడమ వైపు పదిలో ఒక 'యా' లోటు ఉన్నది. ఆ లోటును పూడ్చి, అంతే మొత్తాన్ని కుడి వైపున కూడ చేర్చితే 10 = 5యా. ఇదే జబ్ర్. యా = 2, రెండవ భాగం 8. ఇక్కడ 4యాలూ ఒక యా కలిసి 5యాలు అవుతాయని చెప్పడం కూడ విభాగ న్యాయమే. అయితే దాన్ని వెనుక నుండి ముందుకు నడిపించాము, అంతే.

గుణకారానికి ఖ్వారిజ్మీ ఒక అధ్యాయాన్ని ప్రత్యేకంగా కేటాయించాడు. 'పదీ ఒకటి'ని 'పదీ రెండు'తో గుణించాలంటే నాలుగు గుణకారాలు చేయాలని అందులో బోధించాడు. పదిని పదితో, పదిని రెండుతో, ఒకటిని పదితో, ఒకటిని రెండుతో గుణిస్తే 100 + 20 + 10 + 2 = 132. ఆ తరువాత 'పదిలో ఒకటి తక్కువ'ను దానితోనే గుణిస్తే 81 ఎలా వస్తుందో చూపాడు. ఆ వెనుక సంఖ్య స్థానంలో 'షై'ని నిలిపి, 'పదిలో షై తక్కువ'ను పదితో గుణిస్తే నూటిలో పది షైలు తక్కువ అవుతుందని చెప్పాడు. తెలిసిన సంఖ్యలతో విద్యార్థికి నమ్మకం కలిగించి, ఆ నమ్మకం మీద తెలియని రాశిని నడిపించడం ఆయన బోధనా పద్ధతి. 'విభాగ న్యాయం' అన్న పేరు మాత్రం ఆయన పెట్టలేదు. దానికి మూలమైన ఐరోపా పదాన్ని ఫ్రెంచి గణితజ్ఞుడు సెర్వోవా 1814లో ప్రయోగించాడు. పేరు రావడానికి వెయ్యేళ్ళ ముందే పని జరుగుతూ ఉన్నది.

పది దిర్హమ్‌ల సమస్య

ఖ్వారిజ్మీ గ్రంథంలో దాదాపు సగభాగం 'కితాబుల్ వసాయా', అంటే వీలునామాలకు సంబంధించిన లెక్కలు. షరీఅత్‌లో ఆస్తి పంపకానికి ఒక క్రమం ఉన్నది. మొదట మృతుని అంత్యక్రియల ఖర్చు, తరువాత అతని అప్పులు, తరువాత మిగిలినదానిలో మూడవ వంతు మించకుండా వసియ్యత్, ఆ తరువాతనే వారసుల వాటాలు. దివ్య ఖుర్ఆన్‌లోని అన్నిసా సూరా 11, 12, 176 ఆయతులు ఈ వాటాలను నిర్ణయించాయి. వసియ్యత్తూ అప్పూ తీరిన తరువాతనే పంపకం జరగాలని కూడ అక్కడ స్పష్టంగా చెప్పబడింది.

వసాయా భాగం ప్రారంభంలోనే ఉన్న సమస్య సారాంశం ఇది. ఒకడు ఇద్దరు కొడుకులను విడిచి మరణించాడు. తన ఆస్తిలో మూడవ వంతు బయటి వ్యక్తికి వసియ్యత్ చేశాడు. అతడు విడిచిన రొక్కం 10 దిర్హమ్‌లు. అదిగాక ఇద్దరు కొడుకులలో ఒకడు తండ్రికి 10 దిర్హమ్‌లు బాకీ ఉన్నాడు. ఎవరికి ఎంత?

బాకీ ఉన్న కొడుకుకు వాటాగా రావలసినంత మేరకు అతని బాకీని ఆస్తిలో జమకట్టాలన్నది ఖ్వారిజ్మీ తీసుకున్న మార్గం. ఆ మొత్తం ఎంతో ముందుగా తెలియదు గనుక దానిని 'షై' అన్నాడు. మనం 'యా' అందాము. ఇప్పుడు ఆస్తి 10 + యా. అందులో మూడవ వంతు వసియ్యత్‌కు పోతుంది. ఇక్కడనే పలాస పిల్లవాడి ప్రశ్న ఎదురవుతుంది. మూడవ వంతు దేనిలో? చేతిలో ఉన్న పదిలోనా, పదీ యాలు కలిసిన మొత్తంలోనా?

మొత్తంలోనే. కనుక వసియ్యత్ 3⅓ + ⅓యా. మిగిలినది 6⅔ + ⅔యా. దీనిని ఇద్దరు కొడుకులకు సమానంగా పంచితే ఒక్కొక్కరికి 3⅓ + ⅓యా. బాకీ ఉన్న కొడుకు వాటా 'యా'కు సమానమని మనం ముందే అనుకున్నాము. కనుక

యా = 3⅓ + ⅓యా

రెండు వైపుల నుండి ⅓యా తీసివేస్తే ⅔యా = 3⅓, యా = 5. అంటే జమకట్టిన ఆస్తి 15 దిర్హమ్‌లు. వసియ్యత్ పొందినవానికి 5, రెండవ కొడుకుకు 5, బాకీ ఉన్న కొడుకుకు తన బాకీలోనే 5. చేతిలో ఉన్న పది దిర్హమ్‌లు మొదటి ఇద్దరికీ సరిగ్గా సరిపోయాయి.

ఇప్పుడు పొరపాటు చేసి చూద్దాం. మూడవ వంతును రొక్కంలో మాత్రమే లెక్కించి, 'యా'ను విడిచిపెట్టామనుకోండి. వసియ్యత్ 3⅓ మాత్రమే. మిగిలినది 6⅔ + యా. అందులో సగం యాకు సమానం. అప్పుడు యా = 6⅔. కొడుకులు ఒక్కొక్కరికి 6⅔ ముట్టాయి. మృతుడు ఎవరికి మేలు చేయదలచాడో ఆ బయటి వ్యక్తి 1⅔ దిర్హమ్ నష్టపోయాడు. ఎవరూ దొంగతనం చేయలేదు. ఎవరూ అబద్ధం ఆడలేదు. బ్రాకెట్టులో ఒక్క పదాన్ని మరచిపోయారు. అంతే.

బాకీలో వాటాకు మించిన మిగతా భాగం సంగతి ఏమిటన్నది ఫిఖ్హ్‌కు సంబంధించిన ప్రశ్న. 1831లో ఈ గ్రంథాన్ని ఆంగ్లంలోకి అనువదించిన ఫ్రెడరిక్ రోజెన్, దానిని తండ్రి కొడుకుకు విడిచిపెట్టినట్టుగా భావించి వ్యాఖ్య వ్రాశాడు. ఇటువంటి లెక్కలలో ఖ్వారిజ్మీ తనకు తోచినట్టు షరతులు కల్పించుకున్నాడనే విమర్శ కూడ ఐరోపా పండితులలో వినిపించింది. 1938లో సాలమన్ గాంజ్ అనే చరిత్రకారుడు ఒక దీర్ఘ వ్యాసంలో ఆ విమర్శను తిరస్కరించి, ఖ్వారిజ్మీ పరిష్కారాలను ఆనాటి ఫిఖ్హ్ సూత్రాల వెలుగులో చదవాలని వాదించాడు. అంకెలను మాత్రమే చూసేవారికి వింతగా కనిపించినది, న్యాయశాస్త్రం తెలిసినవారికి సహజంగా కనిపిస్తుందన్నమాట.

అనువాదంలో జారిపోయిన సగం

రోజెన్‌కు ఏడు శతాబ్దాల ముందే, 1145లో స్పెయిన్‌లోని సెగోవియాలో రాబర్ట్ ఆఫ్ చెస్టర్ ఈ గ్రంథాన్ని లాటిన్‌లోకి తర్జుమా చేశాడు. అదే శతాబ్దంలో జెరార్డ్ ఆఫ్ క్రెమోనా మరొక తర్జుమా చేశాడు. ఐరోపా బీజగణితానికి ఈ తర్జుమాలే పునాది. అయితే వసాయా భాగం వీటిలో లేదు. షరీఅత్ పంపకాలు వారికి అవసరమైనవి కావు గనుక ఈ విడిచిపెట్టడంలో ఆశ్చర్యం లేదు. కాని ఫలితం ఏమైనది? ప్రజల వ్యవహారం కోసం పుట్టిన విద్య, ఆ ప్రజలూ ఆ వ్యవహారమూ లేకుండా ప్రయాణం చేసింది. అటునుండి తిరిగి మన పాఠశాలలకు వచ్చేనాటికి అది బ్రాకెట్టులూ గుర్తులూ మాత్రమే అయింది.

మన మదరసాల సంగతి మరొక విధంగా ఉన్నది. సిరాజుద్దీన్ సజావందీ వ్రాసిన 'సిరాజీ' గ్రంథం ఫరాయిజ్ విద్యకు మన విద్యార్థులు చదివే పాఠం. విలియం జోన్స్ 1792లో కలకత్తాలో దానికి ఆంగ్లానువాదం ప్రకటించాడు. వాటాల హారాన్ని 'మఖ్రజ్' అని, భిన్నాలు మిగలకుండా హారాన్ని పెంచడాన్ని 'తస్హీహ్' అని మేము నేర్చుకున్నాము. కాని అదే పనిని సమీకరణంతో చేయవచ్చునని, ఆ సమీకరణ విద్య ఈ ఫరాయిజ్ పొత్తిళ్ళలోనే పెరిగినదని మాకు ఎవరూ చెప్పలేదు. విశ్వవిద్యాలయంలో చేరిన తరువాత బీజగణితం చరిత్రను చదివితే, అక్కడ ఫరాయిజ్ ప్రస్తావన ఒక వాక్యంలో ముగిసిపోయింది. ఒకే గ్రంథం రెండు ముక్కలై, ఒక సగం బడిలోనూ మరొక సగం మదరసాలోనూ నిలిచిపోయింది. విరిగినదానిని అతకడమే జబ్ర్ అయితే, ఇక్కడ కూడ ఆ పని చేయవలసి ఉన్నది.

మన దేశం పాయ

ఈ విద్య అంతా ఒకే జాతి సొత్తని చెప్పడం చరిత్రకు ద్రోహం. క్రీ.శ. 499లో ఆర్యభటుడు, సమానమైన ధనం గల ఇద్దరి లెక్కకు సూత్రం చెప్పాడు. తెలియని రాశిని ఆయన 'గుళిక' అన్నాడు. ఒకరి వద్ద 6 గుళికలూ 100 రూపాయలూ, రెండవవారి వద్ద 8 గుళికలూ 60 రూపాయలూ ఉండి ఇద్దరి ధనమూ సమానమైతే, రూపాయల తేడా 40ని గుళికల తేడా 2తో భాగించాలి. గుళిక వెల 20. సరిచూస్తే ఇద్దరికీ 220 చొప్పున ఉన్నది. 628లో బ్రహ్మగుప్తుడు గుణకాన్ని ఖండాలుగా విడదీసి, ఒక్కొక్క ఖండంతో గుణించి కలిపే పద్ధతిని వ్రాశాడు. 1150లో భాస్కరుడు 'లీలావతి'లో 135ను 12తో గుణించడానికి 12ను 8, 4గా విడదీసి చూపాడు. 1080, 540 కలిపితే 1620. ఇది విభాగ న్యాయం కాక మరేమిటి? తెలియని రాశికి 'యావత్తావత్' అని పేరు పెట్టి, అందులోని మొదటి అక్షరం 'యా'ను గుర్తుగా వాడడం కూడ మన దేశపు ఆచారమే. ఈ వ్యాసంలో వాడుతున్న 'యా' అక్కడిదే.

బ్రహ్మగుప్తుని సంప్రదాయానికి చెందిన ఖగోళ గ్రంథం ఖలీఫా మన్సూర్ కాలంలో బగ్దాదు చేరి 'సింద్‌హింద్' పేరుతో అరబీలోకి వచ్చింది. ఖ్వారిజ్మీ తన ఖగోళ పట్టికలను ఆ సంప్రదాయం ఆధారంగానే కూర్చాడు. భారతీయ అంకెల మీద ఆయన మరొక గ్రంథం కూడ వ్రాశాడు. ఎనిమిది వందల ఏళ్ళ తరువాత ప్రవాహం మళ్ళీ ఇటు తిరిగింది. 1587లో ఫైజీ 'లీలావతి'ని పారసీలోకి అనువదించాడు. 1634-35 ప్రాంతంలో అతావుల్లా రుష్దీ భాస్కరుని 'బీజగణితాన్ని' పారసీలోకి తెచ్చి షాజహాన్‌కు అంకితమిచ్చాడు. ఇచ్చినవారూ పుచ్చుకున్నవారూ ఎవరన్న తగవు కంటే, చేతులు మారిన ప్రతిసారీ ఈ విద్యకు ఏదో ఒకటి కలిసిందన్న సత్యం ముఖ్యమైనది.

తెలుగువారికి ఇందులో ప్రత్యేకమైన భాగం ఉన్నది. తొమ్మిదవ శతాబ్దంలో రాష్ట్రకూట అమోఘవర్షుని కాలంలో మహావీరాచార్యుడు సంస్కృతంలో 'గణితసారసంగ్రహం' వ్రాశాడు. దానిని పావులూరి మల్లన 'సారసంగ్రహ గణితము'గా తెనిగించాడు. మల్లన 11వ శతాబ్దివాడని కొందరూ, 12వ శతాబ్దివాడని కొందరూ అంటారు. ఏమైనా తెలుగులో శాస్త్ర గ్రంథాలకు ఆయనే ఆద్యుడు. ఆయన మక్కికి మక్కి అనువదించలేదు. జైనుడైన మహావీరుని ఉదాహరణలను తన పాఠకుల శైవ సంప్రదాయానికి తగినట్టు మార్చుకున్నాడు. సూత్రం మారలేదు. లెక్కలోని మనుషులూ వస్తువులూ మారారు. అనువాదకునిగా నాకు ఇందులో ఒక పాఠం కనిపిస్తున్నది. గణితం ఏ ఊరికి వెళితే ఆ ఊరి సరుకును మోయాలి.

మహావీరుని గ్రంథంలో 'శేషజాతి' అనే తరగతి లెక్కలు ఉన్నాయి. వాటి పద్ధతిని మన సరుకుతో చెప్పుకుందాం. ఒక రాశి జీడిపిక్కలలో మూడవ వంతు అమ్మారు. మిగిలినదానిలో నాలుగవ వంతు అప్పు కింద పోయింది. చివరకు 30 బస్తాలు మిగిలాయి. మొదట ఎన్ని? మూడవ వంతు పోతే ⅔యా మిగిలింది. అందులో నాలుగవ వంతు పోతే మిగిలినది దానిలో ¾, అంటే ½యా. ½యా = 30 గనుక యా = 60. నాలుగవ వంతును 'మిగిలినదానిలో' కాక మొత్తంలో తీసినవాడు 72 అని చెబుతాడు. ఏ భాగం దేని మీద పడుతున్నదో తెలుసుకోవడమే ఇక్కడ కూడ కీలకం.

ఉద్దానంలో ఒక పంపకం

పలాస, టెక్కలి ప్రాంతాలు ఒకప్పుడు గోల్కొండ సుల్తానుల ఏలుబడిలోనూ, తరువాత నిజాము ఏలుబడిలోనూ ఉన్న చికాకోలు సర్కారులోనివి. గోల్కొండ ఫౌజుదారు షేర్ ముహమ్మద్ ఖాన్ 1641లో కట్టించిన జామియా మసీదు శ్రీకాకుళం పట్టణంలో నేటికీ నిలిచి ఉన్నది. ఈ జిల్లాలో ముస్లింలు కొద్దిమందే. సముద్రతీరం వెంబడి కొబ్బరి, జీడిమామిడి, పనస తోటలతో నిండిన ఉద్దానం ప్రాంతంలో ఆస్తి అంటే ముఖ్యంగా చెట్టే. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస సమీపాన తీరం దాటినప్పుడు ఆ చెట్లు లెక్కలేనన్ని నేలకూలాయి. కొబ్బరి మొక్క తిరిగి కాపుకు రావడానికి ఏళ్ళు పడుతుంది. ఆ మధ్యకాలాన్ని గడిపేది అప్పుతోనే. కనుక ఇక్కడి పంపకాలలో ఆస్తితో పాటు అప్పు కూడ వస్తుంది. ఆ రెండూ ఒకే బ్రాకెట్టులో ఉంటాయి.

ఒక కుటుంబాన్ని ఊహించుకుందాం. ఇంటి యజమాని మరణించాడు. భార్య, ఒక కొడుకు, ఇద్దరు కూతుళ్ళు ఉన్నారు. తోటా ఇల్లూ కలిపి విలువ 3,60,000 రూపాయలు. అప్పు 40,000. అంత్యక్రియల ఖర్చు వేరుగా తీరిపోయినది, వసియ్యత్ లేదు. భార్యకు ఎనిమిదవ వంతు. మిగిలినదానిలో కొడుకుకు రెండు పాళ్ళు, కూతురుకు ఒక పాలు.

ఎనిమిదవ వంతు (3,60,000 - 40,000)లో తీయాలి. ఆస్తిలో ఎనిమిదవ వంతు 45,000, అప్పులో ఎనిమిదవ వంతు 5,000. కనుక భార్య వాటా 40,000. మిగిలిన 2,80,000లో ఒక కూతురి వాటా 'యా' అనుకుంటే యా + యా + 2యా = 4యా = 2,80,000. యా = 70,000. కూతుళ్ళకు 70,000 చొప్పున, కొడుకుకు 1,40,000. సిరాజీ పద్ధతిలో చూసినా ఇదే ఫలితం. మఖ్రజ్ 8ని తస్హీహ్ చేస్తే 32. అందులో భార్యకు 4, కొడుకుకు 14, కూతుళ్ళకు 7 చొప్పున. ఒక్కొక్క భాగం 10,000 రూపాయలు.

ఇక మన ఇళ్ళలో తరచుగా వినిపించే మాట ఒకటి ఉన్నది. "ఆ అప్పు ఆడపిల్లల పెళ్ళిళ్ళకు చేసినది గదా, వాళ్ళ వాటాలోనే తీసేద్దాం" అంటారు. అలా చేస్తే ఏమవుతుంది? అప్పు లేనట్టుగా 3,60,000ను పంచుతారు. భార్యకు 45,000, కొడుకుకు 1,57,500, కూతుళ్ళకు 78,750 చొప్పున. తరువాత 40,000 అప్పును కూతుళ్ళ మీద మాత్రమే వేస్తారు. ఒక్కొక్కరికి మిగిలేది 58,750. అంటే ప్రతి కూతురూ 11,250 రూపాయలు పోగొట్టుకున్నది. ఇద్దరూ పోగొట్టుకున్న 22,500లో 17,500 అన్న చేతికీ, 5,000 తల్లి చేతికీ వెళ్ళాయి. తండ్రి చేసిన అప్పు తండ్రి ఆస్తి మొత్తం మీద ఉన్న భారం. అది వారసులందరి వాటాలకూ వంతు ప్రకారం సోకుతుంది. అలా కాకుండా ఒక్కరి మీదనే వేయడం, మూడు డబ్బాల బద్దలనూ ఒక్క డబ్బాలో పోసిన పిల్లవాడి పొరపాటు వంటిదే. కాకపోతే పిల్లవాడిది తెలియనితనం. ఇక్కడ తెలిసినా మాట్లాడరు.

పంపకం పత్రాలు వ్రాసేటప్పుడు పెద్దమనుషులు అంకెలు వేస్తారు, సాక్షులు సంతకాలు పెడతారు. ఆ అంకెలు ఎలా వచ్చాయని అడిగే ధైర్యం కూతుళ్ళకు ఉండదు. ఉన్నా, అడిగే విద్య ఉండదు. ఖ్వారిజ్మీ తన గ్రంథాన్ని వ్రాసినది ఈ లోటును పూడ్చడానికే. ఎనిమిదవ తరగతి బీజగణితం వచ్చిన ఏ బాలిక అయినా తన తండ్రి ఆస్తి పంపకాన్ని తానే సరిచూసుకోగలదు. అందుకు ఆమెకు కావలసినది కష్టమైన గణితం కాదు. బ్రాకెట్టు వెలుపల ఉన్న సంఖ్య లోపలి ప్రతి పదాన్నీ తాకుతుందన్న ఒక్క సూత్రం చాలు.

కనుక మన మదరసాలలో ఫరాయిజ్ చెప్పే ఉపాధ్యాయులకు ఒక మనవి. దిర్హమ్‌లతో, ఒంటెలతో ఉన్న పాత ఉదాహరణలను చెప్పండి. వాటి పక్కనే కొబ్బరి చెట్టునూ, జీడిపిక్కల బస్తానూ, తుపాను తరువాత మిగిలిన అప్పునూ పెట్టి చెప్పండి. పావులూరి మల్లన చేసినది అదే. మగపిల్లలకు చెప్పిన లెక్కను ఆడపిల్లలకు కూడ చెప్పండి. వాటా పొందేవారిలో వారు ఉన్నప్పుడు లెక్క నేర్చేవారిలో ఉండకపోవడం ఏ న్యాయం?

పలాస నుండి తిరిగి వచ్చేటప్పుడు ఆ పిల్లవాడు నోటుపుస్తకం తెచ్చి చూపించాడు. అదే రకం లెక్కలు పది చేశాడు. తొమ్మిది సరిగ్గా ఉన్నాయి. పదవది 5(యా - 2) = 30. అందులో 5యా - 2 = 30 అని వ్రాసి, తరువాత తానే 2ను కొట్టివేసి 10 వేశాడు. 5యా = 40, యా = 8. కొట్టివేసిన చోట సిరా కొంచెం అలుక్కుపోయింది. నేను ఎర్ర సిరాతో దిద్దవలసిన పని లేకపోయింది.